ఆదివారం తలంటు

శనివారం సాయంత్రం కుంకుడుకాయలు కొట్టడం హెప్సిబా పని. పెరటి గుమ్మం దగ్గర కూర్చుని రాయి మీద ఒక్కో కాయా చితక్కొట్టి, నల్లటి గింజ ఏరి పారేసి, తొక్కల్ని గిన్నెలో నానేస్తుంది. తెల్లారి వాటిలో ఇన్ని మందారాకులు కలిపి పిసికి, నురగ తేలాక వడకడుతుంది. సోమవారం తిరువూరు బళ్లో ఆరో తరగతి లెక్కలు దిద్దేటప్పుడు కూడా గోళ్ల సందుల్లో ఆ జిగురు అలాగే ఉంటుంది. ఆమె భర్త ఐజాక్‌కి షాంపూ పడదు. అత్తగారు జోజమ్మకి ఆ వాసనే గిట్టదు. "చేసిపెట్టే చేతులుండగా ఆ సీసాల్లో సబ్బునీళ్లు పోసుకునే ఖర్మ మనకేంటి?" అంటుంది. ఆ చేతులు ఎవరివో ఆవిడ ఎప్పుడూ చెప్పలేదు.

వేసవి సెలవుల చివర్లో హెప్సిబా కుడి భుజం పట్టేసింది. మొదట జాకెట్టు వేసుకోవడం కష్టమైంది, తర్వాత అటక మీది డబ్బా అందుకోవడం, చివరికి తల దువ్వుకోవడం. ఈ వయసు ఆడవాళ్లకి ఇది మామూలేననీ, నెమ్మదిగా తగ్గుతుందనీ, ఓపిక పట్టమనీ చెప్పాడు డాక్టరు. ఓపిక పట్టడం కొత్తేం కాదు గనక తలూపి వచ్చేసింది. చెయ్యి గుండెల ఎత్తు దాకా లేస్తుంది, అక్కడ ఎవరో లోపల గొళ్లెం పెట్టినట్టు ఆగిపోతుంది. ఆ మాత్రం చేత్తో కూర కలపొచ్చు, పిండి పిసకొచ్చు, బట్టలు ఉతకొచ్చు. బోర్డు మీద కింది సగంలో లెక్కలు రాయొచ్చు. "పై సగం ఎవరికి వదిలేశారు టీచర్?" అని హెడ్మాస్టరు పిల్లల ముందే నవ్వాడు. ఐజాక్ పీట మీద కూర్చుంటే అతని తల ఆమె నడుము దగ్గరికి వస్తుంది గనక అతనికి తల రుద్దొచ్చు. అత్తగారికీ రుద్దొచ్చు. చెయ్యి అందనిది తన తలకొక్కదానికే.

ఎడం చేత్తో ప్రయత్నించకపోలేదు. రసం కళ్లలోకి కారింది. మాడు మీద సగం చోట తడే తగల్లేదు, మిగతా సగంలో పిప్పి ఇరుక్కుని ఎండిపోయింది. దసరా వెళ్లినప్పటి నుంచీ ఒకటే దురద. పాఠం చెబుతుంటే దురద, ప్రార్థనలో కళ్లు మూసుకుంటే దురద. చర్చిలో కొంగు కప్పుకుంటారు కాబట్టి ఎవరికీ కనపడదు. కొంగు కింద మాత్రం తల మండిపోతూ ఉండేది.

పోయిన ఆదివారం ఐజాక్‌కి తలంటుతోంది. అతను కళ్లు మూసుకుని, "అదిగో, అక్కడ, ఇంకొంచెం గట్టిగా" అని మూలుగుతున్నాడు. నీళ్లు పొయ్యడం అయ్యాక అడిగింది.

"ఏవండీ, మిగిలిన రసంతో నాకు కాస్త రుద్దుతారా? చెయ్యి పైకి లేవట్లేదు."

అతను ఒక కన్ను తెరిచాడు. "ఇంతసేపూ నాకు రుద్దావుగా. మాకు లేచే చెయ్యి నీకు లేవదా?"

"మీరు కింద కూర్చుంటారు కాబట్టి..."

"పెరట్లో నేను నీకు తలంటుతుంటే పక్కింటోళ్లు చూసి ఏమనుకుంటారే? రేపు ఆఫీసంతా నా మీద జోకులే."

మంచం మీద నుంచి జోజమ్మ అందుకుంది. "మగాడి చేత ఆ పనులేంటి అమ్మాయ్? పోనీ కురచగా కత్తిరించుకో. ఈ వయసులో అంత జుట్టెందుకు?"

"వద్దులే అమ్మా, బాగోదు. జుట్టే కదా దానికి అందం."

గోరింట కొమ్మ కొట్టించాలా ఉంచాలా అన్నట్టు తల్లీకొడుకులు కాసేపు మాట్లాడుకున్నారు. హెప్సిబా పీట కడిగి గోడకి ఆనించింది.

మాకు లేచే చెయ్యి నీకు లేవదా. వారమంతా ఆ మాట తలలో పేనులా పాకింది. అన్నం వారుస్తుంటే, బస్సు కోసం నిలబడితే, అటెండెన్సు తీసుకుంటూ ఉంటే. నిజంగానే నటిస్తున్నానా అని తన మీద తనకే అనుమానం వచ్చింది. గురువారం తలుపేసుకుని అద్దం ముందు నిలబడి, పళ్లు బిగబట్టి చెయ్యి పైకెత్తింది. భుజంలో మెరుపు మెరిసినట్టై మంచం మీద కూలబడింది. నొప్పికి కళ్లు తిరుగుతున్నా మనసులో ఏదో తేలికపడింది. అబద్ధం కాదు. ఆ సంగతి తెలుసుకోవడానికి తనని తాను ఇంత బాధపెట్టుకోవాల్సి వచ్చిందని తర్వాత తోచింది. అప్పుడొచ్చింది కోపం. అది ఎవరి మీదికి తిప్పాలో తెలియక ఆ పూట గిన్నెలన్నీ రెండోసారి తోమింది.

స్టాఫ్ రూములో పెన్ను మూతతో తల గోక్కుంటుంటే తెలుగు టీచర్ సరోజినీదేవి చూసింది. విస్సన్నపేటలో ఒంటరిగా ఉంటుంది, రోజూ బస్సులో వస్తుంది.

"పేలా?"

"కాదు మేడమ్. భుజం." జరిగిందంతా చెప్పేసింది, గొంతు తగ్గించి.

సరోజినీదేవి కళ్లజోడు తీసి తుడుచుకుంది. "ఆదివారం మా ఇంటికి రా. నేను రుద్దుతాను. కుంకుడు రసం నువ్వే తీసుకురా, మా ఇంట్లో కాయలు లేవు."

"ఆదివారం ఎట్లా కుదురుతుంది మేడమ్? చర్చి, వంట, వాళ్ల తలంట్లు..."

"నీ ఇష్టం. నేనైతే పొద్దున్నే నీళ్లు కాస్తాను. వస్తే నీకు, రాకపోతే నాకు."

ఆదివారం పొద్దున ఐజాక్ తలనిండా నూనె పట్టించుకుని పెరట్లో పీట మీద కూర్చున్నాడు. వంటింట్లో హెప్సిబా రసం వడకడుతోంది. వెళ్లాలని రాత్రి అనుకోలేదు, ఇప్పుడూ అనుకోలేదు. గిన్నెలో నురగ చూస్తూ నిలబడింది. భుజం పట్టేశాక కూడా ఈ నురగ కోసం ఎన్ని శనివారాలు కాయలు కొట్టిందో, అందులో ఒక చారెడైనా తన మాడుకి సరిగ్గా అంటలేదే అనిపించింది.

"హెప్సీ, నీళ్లు చల్లారిపోతున్నాయి!"

అలవాటుగా "వస్తున్నా" అంది. రసం పాల క్యాన్లో పోసి, మూత బిగించి, చేతిసంచి తగిలించుకుని వీధి తలుపు తీసింది.

షేరాటోలో క్యాను ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. ఆటో ఎగిరినప్పుడల్లా మూత సందులోంచి నురగ చిమ్మి చీర తడుస్తోంది. ఈపాటికి పిలుస్తూ ఉంటాడు. వంటింట్లోకి వచ్చి చూసి ఉంటాడు. అత్తయ్య టాబ్లెట్ వేసుకుందో లేదో. మామిడి తోటలు వెనక్కి పోతుంటే ఇక్కడ దిగిపోతే, ఎదురాటో ఎక్కితే, ఏదో ఒకటి చెప్పొచ్చు అనుకుంది. ఏం చెప్పాలో తేలేలోపే విస్సన్నపేట వచ్చేసింది.

సరోజినీదేవి ఏమీ అడగలేదు. పెరట్లో పీట వేసి, చీర కుచ్చిళ్లు ఎగదోపుకుని, చెంబుతో వెచ్చటి నీళ్లు తల మీద పోసింది. వేళ్లు మాడు మీద పడగానే హెప్సిబా మెడ బిగుసుకుంది.

"తల వదిలెయ్యమ్మాయ్. నేను పట్టుకున్నాగా."

వదలడం వెంటనే చాతకాలేదు. చెవుల వెనక, మెడ మీద, నడినెత్తిన వేళ్లు గట్టిగా, తీరిగ్గా తిరుగుతున్నాయి. కూతురు గ్లోరి పుట్టాక రెడ్డిగూడెం పుట్టింట్లో అమ్మ ఇలా తలంటింది. అదే ఆఖరు. గ్లోరికి ఇప్పుడు పెళ్లీడు, దూరంగా హాస్టల్లో ఉండి చదువుకుంటోంది. ఇన్నేళ్లలో పాస్టర్ గారు ప్రార్థన చేస్తూ చెయ్యి పెట్టడం తప్ప ఈ తలని ఎవరూ తాకలేదు. మెడ మెల్లిగా వాలిపోయింది.

"కళ్లు మండుతున్నాయా?"

"లేదు మేడమ్. ఏడుస్తున్నాను."

"ఏడువు మరి. నీళ్లు మరీ వేడిగా లేవుగా?"

తల తుడిచి, దువ్వెనతో చిక్కు తీసి, ఎండలో కుర్చీ వేసింది సరోజినీదేవి. "ఇక్కడ కూర్చో. త్వరగా ఆరుతుంది. కాఫీ పెట్టుకొస్తా." లోపలికి వెళ్లింది.

సంచిలో ఫోను అప్పటికే చాలాసార్లు మోగింది. ఈసారి తీసింది.

"ఎక్కడికి పోయావే? నూనె మొహమ్మీదికి కారిపోతోంది! రసం ఎక్కడ పెట్టావ్?"

"నేను తలంటుకున్నానండి, ఆ రసంతో."

ఫోనులో వెనక నుంచి జోజమ్మ "ఏమంటందిరా?" అనడం వినిపించింది.

"మరి చర్చికి? అమ్మకి తలంటు? ఎప్పుడొస్తావ్?"

హెప్సిబా జుట్టు ముందుకి వేసుకుని చూసింది. ఒత్తుగా, నల్లగా, చివర్ల నుంచి నీళ్లు కారుతున్నాయి.

"తల ఆరాక."

ఫోను సంచిలో పెట్టేసి లేచింది. ఎడం చేత్తో కుర్చీని ఎండలోంచి లాగి, నీడలో వేసుకుని కూర్చుంది.