అదే గది, అదే ఉద్యోగం

నీళ్ల పరీక్షశాలలో ఆమెను అందరూ సీసాలమ్మ అనేవాళ్లు. వీధి కుళాయిల నీళ్లు సీసాల్లో పట్టి తెచ్చి, వాటిలో ఏ పురుగుందో తేల్చడం ఆమె పని. ఒక పేట నీళ్లు తాగడానికి పనికిరావని రాసింది. ఆ మాట కొట్టేయమన్నాడు పెద్దసారు. చచ్చినా కొట్టేయనంది. ఉద్యోగం ఊడబెరికాడు.

కోర్టుకెక్కితే నాలుగేళ్లకు గెలిచింది. అదే గదిలో, అదే ఉద్యోగంలోకి తీసుకోమని తీర్పు వచ్చింది. పెద్దసారు దాన్ని బుట్టదాఖలు చేసి ఏడాదిన్నర హాయిగా నిద్రపోయాడు. కోర్టు ధిక్కారం కింద ఆమె మళ్లీ కేసు వేశాకే, జైలు మాట చెవిన పడి మత్తు వదిలింది. వాయిదా ఎనిమిది రోజులుందనగా, వచ్చి చేరమని కాగితం పంపాడు.

వెళ్లింది. గది అదే. కిటికీ పక్కన తన ఎత్తు స్టూలూ అదే. మైక్రోస్కోపు లేదు, ఫ్రిజ్ లేదు, కుళాయి తిప్పితే చుక్క రాదు. పరీక్షలన్నీ వెనకున్న కొత్త భవనానికి మారాయట. ఒక్క సీసా ఇప్పించమని గుమాస్తాను అడిగింది.

"మీకే పనీ చెప్పొద్దన్నారమ్మా. సంతకం పెట్టి కూర్చోండి, చాలు."

"ఆ పేట నీళ్లు ఇప్పుడెలా ఉన్నాయి?"

"కాగితంలో బాగానే ఉన్నాయమ్మా," అన్నాడతను తల దించుకుని.

వాయిదా దాకా రోజూ గోడను చూస్తూ కూర్చుంది. గెంటేసిన నాడు కూడా ఆమెకు ఇంత అవమానం అనిపించలేదు.

వాయిదా నాడు పెద్దసారు చేతులు కట్టుకుని, కుక్కిన పేనులా నిలబడ్డాడు. ఆలస్యానికి మనసారా క్షమించమన్నాడు. ఆ మనసు ఇన్నాళ్లూ ఏ బీరువాలో పెట్టి తాళం వేశాడో మరి!

"అదే గది ఇచ్చారామ్మా?" అని జడ్జిగారు ఆమెను అడిగారు.

"ఇచ్చారండీ."

"ఉద్యోగం?"

"అదేనండీ. కానీ పనివ్వట్లేదు. సీసా ముట్టుకోనివ్వట్లేదు."

"పని గురించి తీర్పులో ఏమైనా ఉందా?" ఈసారి ప్రశ్న ఆమె ప్లీడరుకి.

ప్లీడరు కాగితాలు అటూ ఇటూ తిప్పి, లేదని ఒప్పుకున్నాడు. ఎందుకుంటుంది? అర్జీలో గది మాట పట్టుబట్టి రాయించింది ఆమే. "ఎక్కణ్ణుంచి గెంటారో అక్కడే కూర్చోవాలి నేను," అంది ఆ రోజు. కోర్టు ఆమె అడిగింది అడిగినట్టే ఇచ్చింది. ఉద్యోగమిచ్చినవాడు పనివ్వకుండా పోతాడని ఎవరు మాత్రం అనుకుంటారు!

తీర్పు అమలైంది, ధిక్కారం లేదు అని కేసు మూసేశారు.

వరండాలో పెద్దసారు ఆమెను దాటిపోతూ ఆగాడు. "రేపట్నుంచి టైముకి రండమ్మా. ఆలస్యమైతే బాగుండదు," అన్నాడు నవ్వుతూ.

బయట కాచుకుని ఉన్న భర్త ఎదురొచ్చాడు. సంగతి విని తేలిగ్గా ఊపిరి పీల్చుకున్నాడు.

"పోనీలేవే, కూర్చోబెట్టి జీతమిస్తామంటే కాదంటామా? ఇంతకీ ఇంకా ఎంత సర్వీసుంది నీకు?"

ధిక్కారం రుజువైతే పెద్దసారుకు మహా అయితే ఆరు నెలల జైలు పడేది.

"తొమ్మిదేళ్లు," అంది.