ఒక మనిషికి సరిపడా చోటు

తెల్లారేసరికే ముఠా అంతా టమాటా సాళ్ళలో వంగిపోయి ఉండేది. చేతులు కాయల్ని తెంపుకుంటూ పోయేవి, కాలు క్రేటుని ముందుకి జరిపేది, నోళ్ళు మాత్రం ఖాళీగా ఉండేవి కావు. ఎవరింట్లో ఏం గొడవైందో, ఎవరి కోడలు ఎవర్ని ఏమందో పొద్దెక్కేలోగా తేలిపోవాలి. ఎండ ముదిరాక మాటలు వాటంతటవే తగ్గేవి. అప్పుడు పెద్దమ్మ నడుం పట్టుకుని లేచి కేకేసేది.

"ఒసే పంతులమ్మా, పుస్తకం తియ్యవే! మాడి మసైపోతున్నాం."

పంతులమ్మ నిజానికి పంతులమ్మ కాదు. పదో తరగతి దాకా చదివి, ఆపైన టమాటాలు కొయ్యడానికొచ్చిన మనిషి. ముఠాలో తడుముకోకుండా చదవగలిగేది ఆమె ఒక్కతే కాబట్టి ఆ పేరు పడింది. కూలీల గదుల ముందు వారానికోసారి సంచార గ్రంథాలయం వ్యాను ఆగేది. అందులో ఒక అర నిండా పొలంపనివాళ్ళ నాయకుడి మీద పుస్తకాలే. తనూ కాయలు కోస్తూ పెరిగి, కూలీలందర్నీ ఒక్కటి చేసి, వాళ్ళ హక్కుల కోసం జైలుకి కూడా వెళ్ళొచ్చిన మనిషాయన. పంతులమ్మ ఎప్పుడూ లావుపాటి జీవితచరిత్రే తెచ్చుకునేది. నీడ బాగా పడేది దానికే. పిల్లల బొమ్మల పుస్తకం తెరిస్తే కోడిపెట్టకి సరిపోయేంత పడుతుంది. ఉపన్యాసాల పుస్తకం నీడ పెద్దదే గానీ, కాస్త ఉక్క.

జీవితచరిత్ర తెరిచి ఒళ్ళో పెట్టుకుంటే చాలు, అట్టల కిందనుంచి నీడ జారి నేల మీద పరుచుకునేది. ఎంతమంది కూర్చుంటే అంత. ఆపైన ఒక మనిషికి సరిపడా చోటు ఎప్పుడూ మిగిలి ఉండేది. ఆ చోట్లో నీళ్ళ క్యాను పెట్టుకునేవాళ్ళు.

ముఠాకి ఒక కట్టుబాటు ఉంది. కొత్తగా ఎవరు పనిలో చేరినా పుస్తకం మళ్ళీ మొదటి పేజీ నుంచి చదవాలి. వచ్చినవాళ్ళు సగం కథలో కూర్చుని బిక్కమొహం వెయ్యకూడదని. కూలీలు వస్తూనే ఉంటారు కదా, నాయకుడు సమ్మె మొదలుపెట్టిన చోటు దాటి కథ ఏనాడూ ముందుకి సాగలేదు. ఆయన గెలిచాడో ఓడాడో ఎవరికీ తెలీదు.

"ఈయన పుట్టడం చూసీ చూసీ నేను మంత్రసానినైపోయాను. గెలవడం చూసేదెప్పుడో!" అని గొణిగేది పెద్దమ్మ.

"పోనీ, చివరి పేజీ చూసి చెప్పెయ్యనా?"

"నోర్ముయ్. ఇన్నేళ్ళు విన్నది అందుకా?"

పొలంలో రేకుల షెడ్డు వెయ్యమని, దగ్గర్లో నీళ్ళ డ్రమ్ము పెట్టమని అడగడం కూడా ఆ కథలాగే మొదలవుతూ ఆగిపోతూ ఉండేది. ఈసారి మాత్రం అందరూ కలిసి మేస్త్రీ దగ్గరికి వెళ్ళారు. మేస్త్రీ ఒకప్పుడు వేరే ఊళ్ళో కాయలు కోసినవాడే. ఇప్పుడు మెళ్ళో విజిలు, కింద మోటారుసైకిలు. యజమానితో మాట్లాడి వచ్చి, నవ్వుతూ చెప్పాడు.

"షెడ్డెందుకంటున్నారు యజమానిగారు. మీకు పుస్తకం ఉందిగా!"

ఆపైన పంతులమ్మ వైపు తిరిగాడు.

"పంతులమ్మా, రేపట్నుంచి నువ్వు కొయ్యక్కర్లేదు. పుస్తకం తెరుచుకుని కూర్చో. కూలి పూర్తిగా ఇస్తారు. నీ నడుం సంగతి నాకు తెలీదా?"

ఆమె నడుం సంగతి అందరికీ తెలుసు. ఇంట్లో నీళ్ళ బిందె ఎత్తడం కూడా మానేసింది. ఆ పని ఆడపడుచు చేస్తోంది. అందుకే పంతులమ్మ ఎక్కువ ఆలోచించకుండా సరేనంది. ఎవరూ తప్పుపట్టలేదు. నడుం వాల్చగానే నిద్ర పట్టడం ఎలా ఉంటుందో ఆమెకి మళ్ళీ గుర్తొచ్చింది.

ఆడపడుచు పనిచేసేది కాలవ అవతలి ముఠాలో. వాళ్ళూ నీడ అడిగారు. జీవితచరిత్ర ఒక్కటే ఉండటంతో మేస్త్రీ వ్యానులో చేతికందిన బొమ్మల పుస్తకం వాళ్ళకి తెప్పించి ఇచ్చాడు.

ఒకనాటి మధ్యాహ్నం ఆడపడుచుని ట్రాక్టరు తొట్టిలో వేసుకొచ్చారు. పెదాలు ఎండిపోయాయి, కళ్ళు తేలేసింది. క్యాను పక్కకి జరిపి, నీడలో మిగిలిన చోట్లో పడుకోబెట్టారు. తడిగుడ్డతో ఒళ్ళంతా తుడిచారు. చాలాసేపటికి గానీ ఆమె కళ్ళు తెరవలేదు.

"వదినా," అంది గొంతు పెగుల్చుకుని, "బిందె నువ్వు ఎత్తకు. సాయంత్రం నేను తెస్తాలే."

పంతులమ్మ ఒళ్ళో పుస్తకం తెరిచే ఉంది. బొటనవేలు పెట్టుకున్న పేజీలో నాయకుడు పొలం యజమానిని అడుగుతున్నాడు. అడుగుతున్నది నీడా, నీళ్ళూ. ఆమె ఆ పేజీని అంతకుముందు ఎన్నోసార్లు చదివింది.

మర్నాడు ఆమె రోజూ కూర్చునే చోటే కూర్చుంది. పుస్తకం మూసి, దాని మీద రెండు చేతులూ పెట్టుకుంది.

"తెరవ్వేమే?" అంది పెద్దమ్మ.

"తెరవను. ఇది తెరిచి ఉన్నంతకాలం షెడ్డు రాదు."

"చస్తామే తల్లీ ఈ ఎండకి!"

"కాలవ అవతలోళ్ళు చావట్లేదూ?"

"మరి నీ నడుమో?"

"నా నడుం సంగతి నేను చూసుకుంటా."

పెద్దమ్మ ఆమెని ఎగాదిగా చూసింది. తర్వాత క్రేటులో కాయలన్నీ గుమ్మరించి, దాన్ని బోర్లించి, మీద కూర్చుంది. ఒక్కొక్కటిగా క్రేట్లన్నీ బోర్లపడ్డాయి. కాసేపటికి అవతలి ముఠా కూడా కాలవ దాటి వచ్చింది, బొమ్మల పుస్తకం చంకలో పెట్టుకుని.

మేస్త్రీ విజిలు ఊది ఊది అలిసిపోయాడు.

"పిచ్చి గానీ పట్టిందా మీకు? కాయలు పండిపోతున్నాయి!"

"పండనీ బాబూ, పండటం వాటి పని," అంది పెద్దమ్మ.

అతను పంతులమ్మ ఒళ్ళోంచి పుస్తకం లాక్కుని తెరిచాడు. నీడ పడింది. అతనికి సరిపడా, పక్కన ఇంకొకరికి సరిపడా. "రండి, కూర్చోండి!" అన్నాడు. ఎవరూ కదల్లేదు. అంత ఎండలో, అంతమంది ముందు, చల్లగా ఒక్కడే నిలబడటం అతనికే ఇబ్బందిగా ఉన్నట్టుంది. తల దించుకుని తెరిచిన పేజీ చూశాడు. చూస్తూ చూస్తూ చదివాడు. చివరికి తనే పుస్తకం మూసి, తెచ్చి ఆమె ఒళ్ళో పెట్టి వెళ్ళిపోయాడు.

లారీలు ఖాళీగా వెనక్కి పోయాయి. కాయలు మొక్కల మీదే పగిలి పొలమంతా పులిసిన వాసన వేసింది. గదుల్లో వంటలు ఒక పూటకి తగ్గాయి.

"ఈ పాటికి ఆయన గెలిచి ఉంటాడంటావా?" అని అడిగింది పెద్దమ్మ, తలమీద తడిగుడ్డ సర్దుకుంటూ.

"తెరిస్తే గానీ తెలీదు."

"వద్దులే."

ఆఖరికి యజమాని కారులో వచ్చాడు. అద్దం దించాడు గానీ దిగలేదు. మేస్త్రీ కిటికీలోకి వంగి ఏం చెప్పాడో ఎవరికీ వినపడలేదు. చెయ్యెత్తి చూపించినప్పుడు మాత్రం అతను చూపించింది కూలీల వైపు కాదు, సూర్యుడి వైపు. కారు వెళ్ళిపోయింది. ఆ వారంలోనే ఇనప గొట్టాలు, రేకులు దిగాయి. కాలవకి ఇవతలొక షెడ్డు, అవతలొకటి. కుళాయిలున్న డ్రమ్ములు. మేస్త్రీ విజిలు ఇంకొకరి మెళ్ళోకి వెళ్ళింది.

పుస్తకం కూలి రద్దయింది. పంతులమ్మ మళ్ళీ సాళ్ళలో వంగింది, నడుం మళ్ళీ తిట్టుకోవడం మొదలుపెట్టింది. బిందె ఆడపడుచే మోస్తోంది. ఎండ ముదిరాక షెడ్డులో చదువు మాత్రం ఆగలేదు. కొత్తవాళ్ళెవరూ రాకపోవడంతో కథ సమ్మె దాటి, జైలు దాటి, మొదటిసారి చివరి పేజీల దాకా వచ్చింది. పెద్దమ్మ నీళ్ళు తాగడానికి కూడా లేవడం లేదు.

ఆ మధ్యాహ్నం మొదట చూసింది ఆమే. షెడ్డు నీడ అంచు దాటి, పుస్తకం నీడ ఒక ముక్క ఎండలోకి పొడుచుకొచ్చింది. దానికి కాస్త అవతల, ఎండలో, భుజాన క్రేటు పెట్టుకుని పాత మేస్త్రీ నిలబడి ఉన్నాడు. మెడ బోసిగా ఉంది.

"నన్ను ఈ ముఠాలో వేశారు," అన్నాడు ఎవర్నీ చూడకుండా.

పెద్దమ్మ ఆపుకోలేకపోయింది. "ఇంకో పూట ఆగి రాకూడదటయ్యా నువ్వు! కథ ఒడ్డున పడేది!"

పంతులమ్మ చివరి పేజీ వైపు ఒకసారి చూసింది. అతని వైపు ఒకసారి చూసింది.

"కూర్చో అన్నా," అంది.

అతను క్రేటు దించి ఆ నీడముక్కలో కూర్చున్నాడు. సరిగ్గా సరిపోయింది. పంతులమ్మ పేజీలన్నీ వెనక్కి తిప్పి మొదటి పేజీ తీసింది.

"కానీ, మళ్ళీ పుట్టించు మహానుభావుణ్ణి," అని నిట్టూర్చింది పెద్దమ్మ.

అతను సర్దుకుని కూర్చోగానే నీడ అంచు నెమ్మదిగా అవతలికి కదిలింది, ఇంకొక మనిషికి సరిపడా. పెద్దమ్మ నీళ్ళ క్యాను తీసుకెళ్ళి అక్కడ పెట్టింది.