చేతిరాత రిపోర్టు

తలుపు గడియ వేసి, కిటికీ రెక్క దగ్గరికి లాగి, కాగితాల మధ్య కార్బన్ సర్దుతూ ఆమె మరోసారి వెనక్కి తిరిగి చూసింది. తలుపు అద్దం అవతల ఎవరిదో నీడ ఆగి, కదిలిపోయింది. క్యాషియరే అయ్యుంటాడు. ఏడాదంతా మొహం తిప్పుకుని తిరిగేవాడు, రిపోర్టుల కాలం రాగానే మోకాళ్ల నొప్పులెలా ఉన్నాయని పలకరిస్తున్నాడు.

ఆఫీసులో ఒక్కొక్కరి పనితీరు మీద ఆఫీసరు రహస్యంగా ఇచ్చే రిపోర్టులు టైపు చేసేది ఆమే. ఆయన చెప్పింది షార్ట్‌హ్యాండులో రాసుకుని, తన గదిలో తలుపేసుకుని కొడుతుంది. వాడిన కార్బన్ ముక్కలు కూడా సంచిలో వేసుకుని ఇంటికి తీసుకెళ్లి పొయ్యిలో పడేస్తుంది. ఎవరెంత అడిగినా నోరు విప్పదు. అందుకే ఆమెకు గుంభనమ్మ అని పేరు పెట్టారు. సన్నటి మనిషి. మెషీను ముందు కూర్చుని కూర్చుని భుజాలు ముందుకు వంగిపోయాయి. వేళ్ల కొసలు అరిగిన గరిటెల్లా చదునుగా ఉంటాయి.

సూపరింటెండెంటు పదవి మాత్రం ప్రతిసారీ ఆమెను దాటుకుని పోతోంది. ఆమె దగ్గర పని నేర్చుకున్నవాళ్లే ఇప్పుడు ఆమె సెలవు చీటీ మీద సంతకాలు పెడుతున్నారు. ఈ ఏడు కూడా తప్పిపోతే ఇక రిటైరుమెంటే. ఎవరో అడ్డం పడుతున్నారు. ఎవరు? ఆమె అనుమానమంతా కింది అంతస్తు టైపిస్టు మీదే. ఆవిడ నవ్వితే ఏదో తెలిసి నవ్వినట్టుంటుంది. పొద్దున్నే దేవుడి ముందు కళ్లు మూసుకున్నా ఆ నవ్వే కనపడుతుంది. దేవుడు కూడా ఎవరో రాసిచ్చిన కాగితం చూసే తీర్పు చెబుతాడేమో అనుకుని, ఆ వెంటనే నాలుక కరుచుకుంటుంది.

మధ్యాహ్నం క్యాషియరు రిపోర్టు సంతకానికి పట్టుకెళ్లింది. రోజూ ఆలస్యంగా వచ్చేవాడికి పేజీ నిండా పొగడ్తలే. ఆఫీసరు సంతకం పెట్టి, సొరుగులోంచి ఆమె కాగితం బయటికి తీసి, కుడిచేతి వేళ్లు విదుల్చుకున్నాడు.

“మీదొక్కటీ చేత్తో రాయాలమ్మా. ప్రాణం మీదికొస్తోంది. అందుకే రెండు ముక్కలతో సరిపెడుతుంటాను. నా ముందున్నాయనా అంతేగా.”

“రెండు ముక్కలా సార్?”

“పైవాళ్ల సంగతి తెలిసిందేగా. పేజీ నిండితే గొప్పవాడంటారు. రెండు ముక్కలుంటే ఏదో లోపముందంటారు.” నవ్వబోయిన ఆయన, ఆమె మొహం చూసి ఆగిపోయాడు.

ఎవరి రిపోర్టు వాళ్లు టైపు చేసుకోకూడదన్నది రూలు. చేత్తోనే రాయాలని ఏ రూలూ లేదు. ఉద్యోగంలో చేరిన కొత్తలో, కింది అంతస్తులో కొట్టిస్తానని అప్పటి ఆఫీసరు అంటే, తన కాగితం ఇంకొకరి కంట పడటానికి వీల్లేదని ఆమే పట్టుబట్టింది. ఆయన సరేనని చేత్తో రాశాడు. తరవాత వచ్చినవాళ్లంతా అదే పద్ధతనుకున్నారు. ఇన్నేళ్లుగా అడ్డం పడ్డ మనిషి ఎవరో ఆమెకు అప్పుడు తెలిసింది. కుర్చీ వీపు పట్టుకుని నిలబడింది.

“పోనీ మీరే కొట్టి తెచ్చేయండి. సంతకం పెడతాను. ఎవరికి తెలుస్తుంది?” అన్నాడు ఆఫీసరు.

ఒప్పుకుందామనే అనిపించింది. కానీ రిపోర్టుల్లో తనే మార్పులు చేస్తుందని వీళ్లంతా ఇన్నాళ్లూ చెవులు కొరుక్కున్నది ఆ ఒక్క కాగితంతో నిజమైపోతుంది.

“వద్దు సార్. కిందావిణ్ణి పిలిపించండి.”

ఆఫీసరు చెప్పిందంతా రాసుకుని, కింది టైపిస్టు ఆమె కుర్చీలోనే కూర్చుని తలుపేసుకుంది. ఆమె బయట అద్దానికి ఆనుకుని నిలబడింది. తన నీడ లోపల పడుతుందని తెలిసినా కదల్లేకపోయింది. వరుస చివర గంట మోగింది. మళ్లీ మోగింది. మోగుతూనే ఉంది. ఇంత పొడుగ్గా ఏం కొడుతోంది? ఏం కలుపుతోంది? ఉన్నట్టుండి చప్పుడు ఆగింది. తలుపు తెరుచుకుంది.

“చివరి వరుస కొంచెం పాలిపోయింది అక్కా. ఒకసారి చూస్తారా?” అంటూ ఆవిడ కాగితం చాపింది.

ఆమె మొహం పక్కకి తిప్పుకుంది. “నేను చూడకూడదమ్మా. నువ్వే చూసి కవరు అంటించెయ్యి.”

“నేనేం కొట్టానో అని భయం లేదా?” ఆవిడ నవ్వింది. ఆ నవ్వే.

“ఉంది,” అంది ఆమె. “అయినా అంటించు.”

ఆ ఏటి జాబితాలో ఆమె పేరు వచ్చింది. సూపరింటెండెంటుగా వేరే ఊరికి వేశారు. ఆ కుర్చీలో కూర్చునేది కొద్దికాలమే అయినా ఆమె వెళ్లింది. తన రిపోర్టు తనే కొట్టుకుందని, ఇన్నాళ్లకు తెలివొచ్చిందని క్యాషియరు చెబితే అందరూ నమ్మారు. కొట్టింది నేనని కింది టైపిస్టు అన్నాక, ఈవిడకేం ముట్టిందోనని ఆరా తీయడం మొదలుపెట్టారు.

వెళ్లేరోజు పొద్దున ఆమె కింది టైపిస్టుకు ఒక డబ్బాలో అన్నం తెచ్చిపెట్టి, తిన్నాక తీసుకుంటానని చెప్పి, బస్సు తొందరలో మరిచిపోయింది. అది ఇప్పటికీ ఆవిడ కిటికీ గట్టు మీద కడిగి బోర్లించి ఉంది. పక్కనే మూత, దాని మీద ఎవరూ మార్చెయ్యకుండా ఆమె మేకుతో లోతుగా గీసుకున్న గుర్తు.