నిండు చేతుల జాకెట్టు

నీళ్ళు గోరువెచ్చగా ఉన్నాయో లేదో మోచేత్తో ముట్టి చూసింది నీళ్ళక్క. "చచ్చినోళ్ళకి వేడేంటి, చలేంటి?" అని నవ్వుతుంటాడు మొగుడు. ఊళ్ళో ఆడమనిషి పోతే కడిగి బట్ట కట్టేది ఆమే. అందుకే ఆ పేరు. అత్త నుంచి వచ్చిన పని. జీతం లేదు. "పుణ్యం వస్తుందిలేవే" అనేది అత్త. "పుణ్యం పొయ్యి మీద పెడితే ఉడుకుతుందా అత్తా?" అంటే మూతి మూడు వంకర్లు తిప్పేది.

ఈరోజు పోయింది మిల్లు యజమాని చిన్నకోడలు. మెట్ల మీంచి జారిపడిందట. పాతికేళ్ళు నిండలేదు. నీళ్ళక్క గడియ వేసి, చీర తొలగించింది. మెడకు రెండు పక్కలా కమిలిన గుర్తులు. మెట్లకు వేళ్ళుండవు.

ఇదివరకు చూసినవన్నీ కళ్ళ ముందుకొచ్చాయి. పంతులమ్మ వీపు. దర్జీ కూతురి మణికట్లు. జ్వరమనో, గుండె ఆగిందనో ఊరు ఏదో ఒకటి అనుకుంది. ఆ మాటకు సరిపడా బట్ట కట్టింది తనే. మెడ దాకా మూసిన నిండు చేతుల జాకెట్టు ముందు తొడగాలి, తర్వాతే కన్నతల్లిని పిలవాలి. అత్త నేర్పిన పనితనం అది. "కడగడానికొచ్చాం, చూడ్డానికి కాదే పిల్లా." ఇరవై రెండేళ్ళు అలాగే కడిగింది. ఎంతమంది తల్లులు ఏమీ తెలియకుండానే ఏడ్చి వెళ్ళారో!

పొద్దున మొగుడు భుజం పట్టుకుని మరీ చెప్పాడు. "నా ఉద్యోగం వాళ్ళ మిల్లులో. నోరు జారావో, వీధిన పడతాం." ఆ పట్టు ఇంకా సలుపుతోంది. రేపు తను పోతే ఆ చోటు కూడా ఎవరో ఒకరు కప్పేస్తారు. శుభ్రంగా, జాగ్రత్తగా కప్పేస్తారు.

తలుపు దబదబా మోగింది. "ఎంతసేపే! బండి వచ్చేసింది." పోయినపిల్ల అత్తగారు.

"ఒక్కసారి నా బిడ్డను చూడనివ్వండి వదినగారూ." అది తల్లి గొంతు. బొంగురు పోయింది.

"ముందు బట్ట కట్టనివ్వండి. ఆత్రం దేనికి?"

నీళ్ళక్క జాకెట్టు అందుకుంది. దాని చేతులు రెండూ లోపలికి మడిచి, తలగడలా పిల్ల తల కింద పెట్టింది. గుండెల దాకా దుప్పటి కప్పింది. మెడ అలాగే వదిలేసింది. వెళ్ళి గడియ తీసింది.

"అమ్మా, మీరొక్కరే లోపలికి రండి. ఇంకా బట్ట కట్టలేదు."