అత్తయ్య జబ్బ ఎముక

ఆసుపత్రి కాగితాల్లో డాక్టర్లు రాసిన జబ్బుల్ని కోడ్‌లుగా మార్చడం నా ఉద్యోగం. పద్నాలుగేళ్లుగా ఎముకల విభాగమే చూస్తున్నాను. జబ్బ ఎముక విరిగింది అని రాస్తే మాకు చాలదు. భుజం దగ్గరా, మధ్యలోనా, మోచేతికి పైనా? కుడిదా, ఎడమదా? ముక్కలు పక్కకి జరిగాయా? వైద్యం ఇంకా నడుస్తోందా, ఎముక అతుక్కునే దశకి వచ్చిందా? ఇవన్నీ కలిపితే ఏడు స్థానాల కోడ్. ఆ పైన ఎలా పడ్డారు, ఎక్కడ పడ్డారు, ఏం చేస్తూ పడ్డారు అన్నవాటికి విడివిడిగా మరికొన్ని కోడ్‌లు. చివరి అక్షరం తప్పు పడితే మా టీమ్ లీడర్‌కి అన్నం సహించదు. ఆవిడ వెనకాల అందరం ఆవిడని ఏడో అక్షరం అంటాం. ఆ సంగతి ఆవిడకీ తెలుసు.

ఇంత చూసే నేను, మా అత్తయ్య చెయ్యి విరిగి తొమ్మిది రోజులైనా ఆవిడ కాగితం సరిగ్గా చదవలేదు. ఆ ఆదివారం మందుల చీటీ కోసం ఫైలు తీసి, చేతి అలవాటు కొద్దీ మొదటి నుంచీ చదివాను. కుడి జబ్బ ఎముక, మధ్యభాగం, ముక్కలు కొద్దిగా జరిగాయి. కారణం: బాత్రూంలో జారిపడటం.

అక్కడే ఏదో అడ్డుపడింది. ఆవిడకి రోజూ స్నానం చేయిస్తున్నది నేనే. విరిగిన చోట తప్ప ఒంటి మీద ఎక్కడా కమిలిన మచ్చ లేదు, చిన్న గీరుడు లేదు. జారిన మనిషికి నడుమో తుంటో నేలకి తగలాలి కదా. ఎదురింటి టీచరు గారికేమో బకెట్ దగ్గర జారానని చెప్పింది. ఫోన్లో మా ఆడపడుచుకి గడప తగిలిందని చెప్పింది.

ఎమర్జెన్సీలో ఆ రోజు జరిగింది గుర్తొచ్చింది. "ఎలా జరిగిందమ్మా?" అని డాక్టర్ అడిగాడు. అత్తయ్య నోరు తెరిచేలోగా మా ఆయన అందుకున్నారు.

"బాత్రూంలో జారిందండీ. అంతే కదమ్మా?"

"ఆఁ, అంతే నాన్నా."

డాక్టర్ అదే రాసుకున్నాడు.

సోమవారం ఆఫీసులో ఏడో అక్షరం నన్ను పిలిచింది. కాగితాల్లో ఏదైనా తేలకపోతే మేం ఊహించకూడదు, రాసిన డాక్టర్‌కే ప్రశ్న పంపాలి. ఎవరో డెబ్బై ఏళ్ల పేషెంటు గురించి నేను పంపబోయిన ప్రశ్నని ఆవిడ మధ్యలోనే ఆపేసింది.

"ఇదేంటమ్మా, 'ఎముకలు గుల్లబారడం వల్లే విరిగిందా?' అని రాశావు?"

"అదే అయ్యుంటుందని..."

"జవాబు నువ్వే వండి, విస్తట్లో పెట్టి, తింటారా అని అడుగుతున్నావు. ఆయనకి టైం లేదు, అవునని టిక్ పెట్టేస్తాడు. ఏమైందో చెప్పండి అని రాయి. రాసి, నోరు మూసుకుని కూర్చో."

నోరు మూసుకుని కూర్చోవడం మా ఇంట్లో ఎవరికీ రాని విద్య. అయినా ఆ సాయంత్రం ప్రయత్నించాను.

అత్తయ్యకి ఒంటిచేత్తో జడ కుదరదు. వంటింటి కిటికీ దగ్గర ఆవిడని స్టూలు మీద కూర్చోబెట్టి చిక్కు తీస్తున్నాను. ముందుగదిలో మావయ్య టీవీలో వార్తలు పెట్టుకున్నారు. రెండేళ్ల కిందట పక్షవాతం వచ్చి ఆయన ఎడమ కాలు బలహీనపడింది. కుర్చీలోంచి లేవాలంటే అత్తయ్య జబ్బ పట్టుకునే లేస్తారు, రోజుకి పదిసార్లైనా. కొడుకు చెయ్యి ఇస్తే "వాడు బియ్యం బస్తా ఎత్తినట్టు ఎత్తుతాడు" అంటారు. వాకర్ తెస్తే "నాలుగు కాళ్లు నాకెందుకు, నేనేమన్నా మేకనా?" అన్నారు. కుడి చెయ్యి విరిగినప్పటి నుంచీ అత్తయ్య ఎడమ చెయ్యి ఇస్తోంది.

"అత్తయ్యా, ఆ రోజు ఏమైంది?"

"చెప్పాను కదా, బాత్రూంలో..."

నేను ఊఁ అని కూడా అనలేదు. దువ్వుతూనే ఉన్నాను. పాయ తీసి, మూడు చేసి, సగం అల్లాను. ఏదో ఒకటి అనేయాలని నాలుక దురద పెట్టింది.

"టక్‌మంది," అంది అత్తయ్య, చాలాసేపటికి. కిటికీలోంచి బయటికి చూస్తోంది. "మీ మావయ్యని లేపుతున్నాను. సగం లేచారు. ఎండుపుల్ల విరిగినట్టు టక్‌మంది. టీవీ గోలలో ఆయనకి వినపడలేదు."

"మరి?"

"మరేముంది, అప్పుడు వదిలేస్తే ఆయన పడిపోతారు కదా. నిలబడేదాకా పట్టుకునే ఉన్నాను. తర్వాత బాత్రూంలోకి వెళ్లి, కింద కూర్చుని, మిమ్మల్ని పిలిచాను."

నా చేతిలో జడ ఆగిపోయింది.

"నువ్వు ఆయనకి చెప్పకు. నా చెయ్యి తన వల్ల విరిగిందని తెలిస్తే మళ్లీ పట్టుకోరు. పట్టుకోకపోతే లేవరు. ఆ కుర్చీలోనే పాతుకుపోతారు. ఆయన సంగతి నీకు తెలీదు అమ్మాయ్."

"ఎడమ చెయ్యి కూడా టక్‌మంటే?"

అత్తయ్య ఎడమ చెయ్యి ఒళ్లోకి తీసుకుంది.

జడ చివర రబ్బరు బ్యాండు వేసి, ఆవిడ ముందుకొచ్చి కూర్చున్నాను. పడితే విరగడం వేరు, పడకుండా విరగడం వేరని చెప్పాను. పడకుండా విరిగితే లోపల ఎముకే గుల్లబారి ఉండొచ్చు, దానికి పరీక్ష ఉంది, మందుంది. బాత్రూంలో జారిందని రాసుకున్న డాక్టర్ ఈ కట్టు చూస్తాడే తప్ప మిగతా ఎముకల జోలికి పోకపోవచ్చు.

"మా పనిలో ఒకటుంది అత్తయ్యా. దెబ్బ తగిలి విరిగితే ఎలా, ఎక్కడ, ఏం చేస్తూ అని గడులు నింపాలి. ఎముక గుల్లబారి విరిగిందని డాక్టర్ రాస్తే, ఆ గడుల కోసం ఎవరూ పట్టుబట్టరు."

"అంటే?"

"ఎవరి వల్ల అన్న మాటే రాదు."

"మీ ఆఫీసులో రాదు," అంది అత్తయ్య. "మీ మావయ్య మీ ఆఫీసులో పనిచెయ్యరు కదా."

అయినా డాక్టర్‌కి చెప్తానని ఒప్పుకుంది, మావయ్య లేకుండా. కానీ గురువారం మా ఆయనతో కలిసి చెకప్‌కి బయల్దేరేసరికి మావయ్య చొక్కా మార్చుకుని కూర్చున్నారు. "ఈ గోడలు చూసీ చూసీ విసుగొచ్చింది, నేనూ వస్తా," అన్నారు. కారులో అత్తయ్య నా వంక చూసింది. నేను రోడ్డు వంక చూశాను.

డాక్టర్ కొత్త ఎక్స్‌రే లైటు ముందు పెట్టాడు. అతుకు మొదలవుతోందన్నాడు, రెండు నెలలు పడుతుందన్నాడు. ఫైలు మూయబోతుంటే అన్నాను.

"డాక్టర్ గారూ, ఆ రోజు ఏమైందో ఆవిడనే ఒకసారి అడుగుతారా?"

ఆయన కళ్లజోడు పైనుంచి నన్ను చూసి, అత్తయ్య వైపు తిరిగాడు. "ఏమైందమ్మా?"

మా ఆయన నోరు తెరిచారు. నేను ఆయన కాలు తొక్కాను. కాస్త గట్టిగానే.

అత్తయ్య పట్టీలో ఉన్న చేతి వేళ్లు చూసుకుంది. ఎడమ చెయ్యి చూసుకుంది. తర్వాత తలెత్తకుండా మొత్తం చెప్పింది. సగం లేవడం, టక్‌మనడం, నిలబడేదాకా పట్టుకోవడం. మావయ్య పేరెత్తకుండా "ఒక మనిషిని లేపుతూ" అంది. ఆ ఒక మనిషి ఆవిడ పక్క కుర్చీలోనే ఉన్నారు.

డాక్టర్ చాలా రాశాడు. ఎముకల సాంద్రత పరీక్ష, రక్తపరీక్షలు. జారిపడటం అన్న మాట కొట్టేసి, మావయ్య వైపు చూశాడు. "పెద్దాయనా, ఆ ఎముకలో బలం ఉండుంటే మీరు కాదు, ఏనుగు పట్టుకున్నా విరిగేది కాదు," అన్నాడు. మావయ్య తల ఊపారు. విన్నారో లేదో తెలీదు.

లేచే వేళయింది. అత్తయ్య అలవాటుగా ఎడమ చెయ్యి చాపింది. మావయ్య దాన్ని చూశారు, పట్టుకోలేదు. రెండు అరచేతులూ డాక్టర్ బల్ల మీద ఆనించి పైకి తోసుకున్నారు. లేవలేకపోయారు. మళ్లీ తోసుకున్నారు. మా ఆయన ముందుకొస్తే చెయ్యెత్తి ఆపారు. డాక్టర్ కాగితాలు పక్కకి తీసి, బల్ల కదలకుండా అవతలి వైపు నుంచి పట్టుకున్నాడు.

"పట్టుకోండి," అంది అత్తయ్య. "నాకేం కాదు, పట్టుకోండి."

మూడోసారి సగం లేచి, ఎడమ కాలు నిలవక, మావయ్య అక్కడే ఆగిపోయారు. అత్తయ్య తన ఎడమ చేతిని ఆయన వీపు మీద ఆనించింది.

"లేపకు," అన్నారాయన, ఊపిరి అందక. "ఊరికే ఉంచు. తియ్యకు."

ఆవిడ అలాగే ఉంచింది. ఆయన మెల్లగా, పూర్తిగా నిలబడ్డారు.