చెక్కచెప్పుల చప్పుడు

మిత్సుయో చేసిన తప్పల్లా ఒక్కటే. చలికాలంలో చేపకి తిండి పెట్టింది. నీళ్లు చల్లబడ్డాక తొట్టె మీద చెక్కమూత వేసెయ్యాలనీ, ఫిబ్రవరి చివరిదాకా ఒక్క గింజ వెయ్యకూడదనీ, అవి నిద్రపోతాయనీ, బంగారు చేపల పెంపకానికి పేరుపడ్డ యమతోకోరియమా ఊళ్లో పసిపిల్లలక్కూడా తెలుసు. ముప్పై ఏళ్లు, వీపు మీద రెక్క ఉండని రాంచూ రకం బంగారు చేపలు పెంచిన టోకుజితో కాపురం చేసిన మనిషికి తెలియదంటే ఎవరు నమ్ముతారు? తెలుసు. తెలిసే పెట్టింది.

టోకుజి వేసవిలో పోయాడు. ఏం మనుషులో మరి, కర్మకాండ అయీ అవకముందే చేపల సంఘంవాళ్లు బకెట్లతో దిగి అన్నీ పంచుకుపోయారు. ఒక్క ఎర్ర రాంచూని మాత్రం ఆమె ఇవ్వలేదు. చెక్కచెప్పులు టకటకలాడించుకుంటూ పెరట్లోకి వెళ్తే చాలు, అది పైకొచ్చి నోరు తెరిచేది. ఆ ఇంట్లో ఆమె అలికిడికి కదిలే ప్రాణం అదొక్కటే. డిసెంబరులో మూత వేసి మూడు రోజులు ఓర్చుకుంది. నాలుగో రోజు ఎండపూట మూత తీసి, పలకరింపుగా నాలుగు గింజలు వేసింది. మర్నాడూ వేసింది.

రెండు వారాలు తిరక్కుండానే చేప వెల్లకిలా తేలింది. పొట్ట ఉబ్బిపోయింది. కిందికి ఈదబోయి, బెండులా మళ్లీ పైకొచ్చేస్తోంది. చేపల అందాల పోటీల్లో టోకుజితో ఏటా దెబ్బలాడే ఇవాసేకి మిత్సుయో ఫోను చేసింది.

ఇవాసే వచ్చి తొట్టె ముందు గొంతుక్కూర్చున్నాడు.

"తిండి పెట్టారా?"

"ఏదో, రెండు గింజలు."

"రెండా? ఈ పొట్ట చూస్తే పెళ్లిభోజనం చేసొచ్చినట్టుంది. చలికి తిండి అరగలేదు, చేపని తిన్నగా నిలబెట్టే గాలితిత్తిని నొక్కేస్తోంది. టోకుజి ఉంటే మీకు నాలుగు చీవాట్లు పెట్టేవాడు."

"ఆయనుంటే నేనెందుకు పెడతాను?" అంది మిత్సుయో.

ఇవాసే పోటీల్లో చేపల్ని నిలబెట్టే తెల్ల బేసిను తెమ్మన్నాడు. చేప మునిగేటంత నీళ్లు పోసి, లీటరుకి అయిదు గ్రాముల చొప్పున ఉప్పు కలిపాడు. ఇంట్లో పెట్టి నెమ్మదిగా వెచ్చబడనివ్వమన్నాడు. పది రోజులు ఉపవాసం.

"బతుకుతుందా?"

"కొన్ని బతుకుతాయి. కొన్ని పోయేదాకా తిరగబడే ఉంటాయి. కానీ ఒక్క మాట వినండి, దాని కంటబడకండి. మిమ్మల్ని చూస్తే తిండనుకుని పైకెగబాకుతుంది, గాలి మింగుతుంది. మీకు మరీ మచ్చికైపోయింది, దాని ప్రాణం మీదికి తెచ్చింది అదే."

మిత్సుయో బేసిను మీద పాత పేపరు కప్పి, ముందుగది తలుపు జరిపి మూసేసింది. నీళ్లు మార్చడానికి తప్ప ఆ గదిలోకి వెళ్లలేదు. కొత్త సంవత్సరం నాడు మోచి బియ్యపుముద్దల పులుసు ఒక్క గిన్నెలోనే పోసుకుని వంటింట్లో గోడకేసి కూర్చుని తింది. తలుపవతల నీళ్లు కదిలిన చప్పుడైతే తినడం ఆపేసేది. వెళ్లి చూడాలని ప్రాణం కొట్టుకునేది. వెళ్లలేదు.

పదకొండో రోజు ఇవాసే వచ్చి పేపరు తీశాడు. చేప బేసిను అడుగున వీపు పైకే ఉంచి తిన్నగా నిలబడి ఉంది.

"గట్టి పిండం," అన్నాడు. "మళ్లీ కొంచెం కొంచెంగా చల్లబరిచి తొట్టెలో వేసెయ్యండి. ఇక ఫిబ్రవరి చివరిదాకా మూత తియ్యొద్దు. ఈసారి తిరగబడితే నా వల్ల కూడా కాదు."

"తియ్యను."

వారం తర్వాత తన చేత్తోనే చేపని తొట్టెలో వదిలి మూత వేసింది. చేప దక్కింది, సంతోషమే. కానీ ఇక నెలన్నరపాటు ఆమె కోసం ఎదురుచూసే ప్రాణం లేదు. ఏడుపొచ్చింది, ఏడ్చింది.

మర్నాడు బట్టలు ఆరెయ్యడానికి పెరట్లోకి వెళ్లబోతూ, చెక్కచెప్పుల్లో కాలు పెట్టబోయి ఆగిపోయింది. ఆ చప్పుడు వింటే అది లేస్తుంది. చెప్పులు తీసి గూట్లో పెట్టేసి, మేజోళ్లతోనే మంచుపట్టిన నేల మీద అడుగులో అడుగేసుకుంటూ వెళ్లింది. ఆ ఇంట్లో అడుగుల చప్పుడు చేసే మనిషి ఆమె ఒక్కతే. ఆ రోజు నుంచి ఆ చప్పుడు కూడా లేదు.