కోల్‌బాయ్ పురుగు

"ఇంకొక్క వెంట్రుక గియ్యి జూరా. లార్వా కాలి మీద వెంట్రుక ఉందో లేదో ఎవడు చూడొచ్చాడు?" అన్నాడు ఇషెన్‌బెక్, బూట్లు తొడుక్కుంటూ.

నూనెలో వేయించే బోర్‌సోక్ రొట్టెలకి పిండి పిసుకుతున్న జూరా తలెత్తలేదు. మధ్యాహ్నానికి రాజధాని ఫ్రూంజె నుంచి ఆయన పనిచేసే పరిశోధన సంస్థ పెద్దాయన వస్తున్నాడు, ఇస్సిక్‌కుల్ సరస్సు ఒడ్డు మడుగులో ఇషెన్‌బెక్ కనిపెట్టిన కొత్త నీటి పెంకుపురుగుని చూడ్డానికి. వీపు నిండా నాగటి చాళ్ళలాంటి గీతలున్న పురుగు. దానికి చనిపోయిన తన తండ్రి పేరు పెట్టుకున్నాడు: కోల్‌బాయ్.

జూరా కూడా జంతుశాస్త్రం చదివింది, ఆయనతో పాటు అదే తరగతిలో. పెళ్ళయ్యాక ఆ చదువంతా "మా ఆవిడ బొమ్మలు బాగా వేస్తుంది" అనే మాటలోకి కుదించుకుపోయింది. కోడలు మామగారి పేరు పలకకూడదు. ఆ పేరులో ఉన్న మాట కూడా నోట రాకూడదు. వాళ్ళ భాషలో కోల్ అంటే సరస్సు. అందుకని గుమ్మంలోంచి రోజూ కనిపించే సరస్సుని ఇన్నేళ్ళుగా "పెద్ద నీళ్ళు" అంటోంది. మొదట్లో నవ్వొచ్చేది. పోయిన చలికాలం ఒంటరిగా ఒడ్డున నిలబడి, ఒక్కసారి ఆ మాట పైకి అందామని చూస్తే గొంతు దాటి రాలేదు. చుట్టూ ఎవరూ లేరు. ఎవరో వింటున్నట్టు మాత్రం ఉంది.

వంటింటి కిటికీలో వరసగా గాజు సీసాలు. సీసాకొక్క లార్వా. రెండిటిని కలిపితే ఒకటే మిగులుతుంది. తోక చివరి ఊపిరి రంధ్రాలని నీటి పైకి ఆనించి తలకిందులుగా వేలాడుతుంటాయి. తలకి రెండు పక్కలా ఆరేసి కళ్ళు. జూరా పొయ్యి దగ్గర్నుంచి బల్ల దగ్గరికి నడిస్తే అన్ని తలలూ ఆమెతో పాటే తిరిగేవి. నోరు ఉండాల్సిన చోట మూసుకుపోయి ఉంటుంది వాటికి. కొడవళ్ళలాంటి దవడల్లో సన్నటి గొట్టాలు. తోకకప్పని కరిచి, లోపలికి రసం వదిలి, కరిగిందంతా పీల్చేస్తాయి. మిగిలిన తోలు ఆకారం చెడకుండా నీళ్ళలో తేలుతుంటుంది. పొద్దున్నే ఆ తోళ్ళు తీసి పారెయ్యాలి, తర్వాత అందరికీ టీ పొయ్యాలి. ఒక్కోరోజు టీలో తన మొహం కనిపిస్తే, లోపలేమైనా మిగిలిందా అని వేలితో చెంప నొక్కి చూసుకునేది.

ఈ వేసవిలో ఆమె ఒక్క గీతల పురుగుని విడిగా ఉంచి గుడ్లు పెట్టించింది. పిల్లలు తడిమట్టిలో గూళ్ళు కట్టుకునేదాకా పెంచింది. గూళ్ళు పగిలి బయటికొచ్చిన మగవన్నీ నున్నటి వీపుతో, ముందుకాళ్ళకి అతుక్కునే చిన్న చిన్న గిన్నెలతో, అందరికీ ఎప్పట్నుంచో తెలిసిన మామూలు మడుగు పురుగులే. ఆడవాటిలో కొన్ని నున్నగా, కొన్ని గీతలతో. అన్నీ ఒకే తల్లి పిల్లలు. లార్వాల్లో వెంట్రుకంత తేడా కూడా లేదు.

చెబితే ఇషెన్‌బెక్ నవ్వాడు. "సీసాలు కలిపేసుంటావు. వంటపనిలో పడి మర్చిపోయుంటావు." తర్వాత నవ్వు లేకుండా అన్నాడు: "మా నాన్న పేరు నవ్వులపాలు చెయ్యకు."

మధ్యాహ్నం సరస్సు మీంచి పొగమంచు పాకొచ్చి కిటికీలకి అంటుకుంది. గదిలో మనుషులు కూడా నీళ్ళలో ఉన్నట్టు కనిపించారు. కోడళ్ళు కూర్చునే చోట, తలుపు పక్కన, జూరా టీ పోస్తోంది. ఎదురుగా అత్తగారు, అందరూ అపా అని పిలిచే ముసలావిడ.

"మగవి దొరకలేదన్నావు. మరి లార్వాలో తేడా ఏమైనా ఉందా?" అని అడిగాడు పెద్దాయన.

"ఉందండీ. కాలి మీద ఒక వెంట్రుక ఎక్కువ. బొమ్మ తీసుకురా జూరా."

తెచ్చింది. ఉన్నది ఉన్నట్టు గీసిన బొమ్మ. పెద్దాయన భూతద్దం పెట్టి వెతుకుతుంటే, తన గొంతులోంచి ఎవరో మాట్లాడుతున్నట్టు విన్నది జూరా.

"వెంట్రుక లేదండీ. కోల్‌బాయ్ అనే జాతే లేదు. అది మామూలు మడుగు పురుగే. ఆడది."

అపా చేతిలో టీ గిన్నె ఆగిపోయింది. "ఏ పేరు పలికావే?" అని లేచాడు ఇషెన్‌బెక్. పెద్దాయన ఆయన వైపు చూడకుండా, "వీటిని పెంచిందెవరమ్మా?" అన్నాడు.

"నేనే."

"అయితే ఈ సంగతి మీ పేరు మీదే వ్యాసం రాసి పంపండి."

ఇషెన్‌బెక్ తలుపు విసిరికొట్టి మంచులోకి వెళ్ళిపోయాడు. జూరా గిన్నెలు తీసుకుని వంటింట్లోకి వచ్చింది. వెనకాలే అపా అడుగులు. చెంప పగులుతుందని కళ్ళు మూసుకుంది.

"ఆడదానికెందుకే ఆ గీతలు?"

జూరా కళ్ళు తెరిచింది. "మగది వీపు మీదెక్కి వదలదు అపా. నీళ్ళలోనే పట్టి ఉంచుతుంది, ఊపిరికి పైకి రానివ్వదు. గీతలుంటే దాని ముందుకాళ్ళ గిన్నెల పట్టు జారుతుందట."

అపా సీసాల వైపు చూస్తూ, ఆమె చేతిలో గిన్నెలు తీసుకుని కడగసాగింది.

"నేను నీళ్ళు ముంచుకుంటుంటే గుర్రం మీదికి లాక్కున్నాడే మీ మామ," అంది. "అరవకుండా నోరు మూశారు. ఈ ఇంటికొచ్చి పడేదాకా వదల్లేదు. నున్నగా ఉండేదే పిల్లా, నా వీపు."

తడిచేత్తో జూరా భుజం పట్టుకుంది.

"రాసి పంపు. ఆ ఆడదాని మీంచి ఆయన పేరు తీసెయ్యి."